ఆంబ్రోస్ గారి నలభై ఏడు పరుగులు

ఆంబ్రోస్ టాల్‌హర్స్ట్ గారు వేసే బంతి ఇంగ్లండ్ మొత్తం మీద నెమ్మదైన బంతి. మా బ్రాక్స్‌డెన్‌లో ఎవరినడిగినా ఈ మాటే చెబుతారు. చెయ్యి పైకెత్తేవారు కాదు. కోళ్లకు గింజలు చల్లినట్టు కిందినుంచి అలా వదిలేవారు. ఒకసారి పొరుగూరి కసాయి ఒకడు ఆ బంతి కోసం ఎదురుచూస్తూ పైపు వెలిగించాడు, రెండు దమ్ములు లాగాడు, పొగాకు బాగాలేదని కొట్టువాణ్ణి తిట్టుకున్నాడు, తీరా తిరిగి చూసేసరికి వికెట్ పడిపోయి ఉంది. నేను పక్కనే ఉన్నాను. ఆ పొగాకు నిజంగానే బాగాలేదు. నమ్మనివాళ్లు నల్లపొట్టేలు సత్రానికి వచ్చి నాకో గ్లాసు బీరు పోయిస్తే ఇంకాస్త వివరంగా చెబుతాను.

నేను ఫిలెమన్ స్ట్రూడ్‌ని. ఈ ఊరికీ పట్నానికీ మధ్య సరుకుల బండి తోలతాను. బడిలో ఎక్కువకాలం లేను గానీ, ఉన్న కాస్త కాలంలోనే మా మేష్టరుకు తల నెరిసింది. అయితేనేం, ఆంబ్రోస్ గారు రాసిన నవలలన్నీ చదివాను. ఆయన పక్కన బ్యాటు పట్టుకుని నిలబడ్డాను కూడా. ఈ రెండూ చేసినవాడు భూమ్మీద నేనొక్కణ్ణే. కాబట్టి ఆయన జీవితం నేను చెప్పకపోతే ఇంకెవరు చెబుతారు?

వాళ్ల నాన్న బార్లీ నానబెట్టి, మొలకెత్తించి, బట్టీ మీద ఆరబెట్టి బీరు కాచేవాళ్లకు అమ్మేవాడు. కొడుకును పెద్దమనిషిని చేద్దామని దూరంగా హాస్టలు బడికి పంపాడు. అక్కడ ఆంబ్రోస్ గారికి లాటిన్ అబ్బలేదు, కిందిచేతి బంతి అబ్బింది. తండ్రి పోయాక ఊరికి తిరిగొచ్చి బార్లీ కొట్టు తీసుకున్నారు. తీసుకున్నారని పేరే గానీ, కొట్టు నడిపింది ఆయన భార్య హానరమ్మ. గుప్పెడు బార్లీ వాసన చూసి ఏ పొలంలో పండిందో, ఆ రైతు ఎంత అబద్ధాలకోరో చెప్పే మనిషి ఆవిడ. ఆంబ్రోస్ గారు బట్టీకి పైనున్న గదిలో, కాళ్లకింద వెచ్చగా ఉంటే కూర్చుని నవలలు రాసేవారు. మా ఊళ్లో పిల్లులన్నీ చలికాలం ఆ గదిలోనే ఉండేవి. రాస్తున్న కాగితం మీద పిల్లి పడుకుంటే లేపేవారు కాదు, పిల్లి ఎక్కడిదాకా ఉంటే అధ్యాయం అక్కడికి ఆపేసేవారు.

అలా పదకొండు నవలలు రాశారు. అన్నిటిలోనూ కథ ఒకటే, ఆయన వినకుండా మేమంతా అనుకునే మాట ఇది. కుర్రాడు మంచివాడు, ఆస్తి ఎవడో కాజేస్తాడు, పిల్ల తండ్రి ఒప్పుకోడు. చివరి అధ్యాయంలో క్రికెట్ ఆట. కుర్రాడు వంద పరుగులు చేస్తాడు. పిల్ల తండ్రి టోపీ గాల్లోకి విసిరి పెళ్లికి ఒప్పుకుంటాడు. ఇది తెలిసి కూడా మా ఆడవాళ్లు ప్రతిసారీ ఏడ్చేవారు.

పేర్ల దగ్గర మాత్రం ఆయనకు ఇబ్బంది వచ్చింది. దుర్మార్గుడికి బతికున్నవాళ్ల పేరు పెడితే గొడవని, చర్చి వెనక సమాధుల మీద పేర్లు ఏరుకొచ్చేవారు. పోయినవాళ్లకు మనవలుంటారన్న సంగతి ఆయనకు తట్టలేదు. ఒకడొచ్చాడు, "మా తాతను గుర్రాల దొంగను చేశారటగా?" అని. ఆంబ్రోస్ గారు చేతులు నలుపుకుంటుంటే వాడు గొంతు తగ్గించి, "తప్పేం లేదండీ. రెండో దొంగ కావాలంటే మా మేనమామ పేరు కూడా రాసుకోండి" అన్నాడు. అప్పటినుంచి చుట్టుపక్కల ఊళ్లలో అందరికీ అదే తపన. దొంగగానైనా సరే, దగుల్బాజీగానైనా సరే, ఆంబ్రోస్ గారి పుస్తకంలోకి ఎక్కాలి. చేతకానివాడిగా మాత్రం ఎక్కకూడదు. దాన్ని ఎవ్వడూ ఒప్పుకోడు.

ఇక ఆట సంగతి. పరుగుల పట్టీలో, డబ్బు పుచ్చుకోకుండా ఆడే పెద్దమనుషుల పేరుకు ముందు మిస్టర్ అని రాస్తారు. మాలాంటివాళ్ల పేర్లు బోడిగా ఉంటాయి. మా జట్టులో మిస్టర్‌లు ఇద్దరే, ఆంబ్రోస్ గారూ, జట్టు నాయకుడు పాదిరి పీక్ గారూ. అంత మిస్టర్ అయి ఉండి, పుస్తకాల్లో పదకొండు వందలు కొట్టించి, ఆంబ్రోస్ గారు తన బతుకులో ఒక్కసారి కూడా యాభై పరుగులు చేయలేదు. ముప్పై దగ్గరికి రాగానే ఏదో ఒకటి అయ్యేది. కందిరీగ వచ్చేది, బూటు ఊడేది, ఎదుటివాడు బంతి బాగా వేసేవాడు.

నలభై ఆరో ఏట ఆయన మోకాలు మొరాయించింది. ఈ వేసవితో ఆట చాలించమని డాక్టరు చెప్పాడు, హానరమ్మ అంతకంటే గట్టిగా చెప్పింది. స్నెల్‌మార్ష్ జట్టుతో ఆట రోజు పొద్దున్నే నా బండి మీదే మైదానానికి వచ్చారు.

"ఫిల్, ఇదే ఆఖరుది" అన్నారు.

"అలా అనకండి అయ్యా. గుర్రం కూడా దిగులు పడుతుంది."

"ఒక్క యాభై చెయ్యాలనుందయ్యా. ఎవరో దయతలచి ఇచ్చింది కాదు. ఆపాలని చూస్తుంటే చేసింది. అసలు సిసలైనది ఒకటి."

నేను నవ్వలేదు. నేను నవ్వని సందర్భాలు తక్కువ, అందుకే గుర్తుంది.

స్నెల్‌మార్ష్ అంటే మాకు పడదు. వాళ్లది బురద నేల, ముక్కులు పొడుగు, బీరు పలచన. కానీ నిజం చెప్పుకోవాలి, చాలా ఏళ్లుగా మేం వాళ్లను ఓడించలేదు. ఆట ఒక్క రోజే. ముందు ఒక జట్టు, తర్వాత రెండో జట్టు. సాయంత్రం చర్చి గంట ఏడు కొట్టేలోగా రెండో జట్టు మొదటి జట్టు పరుగులు దాటాలి, లేదా మొత్తం అవుటవ్వాలి. కాకపోతే, ఎవరి పరుగులు ఎన్నయినా సరే, ఆట ఎవరిదీ కాదు. ఆ రోజుల్లో ఇంకో తంటా ఉండేది. "మాకు చాలు, ఇక మీరు ఆడండి" అని చెప్పే హక్కు ఆడే జట్టుకు లేదు. పరుగులు ఎంత కుప్పపడినా ఆఖరివాడు అవుటయ్యేదాకా ఆడుతూనే ఉండాలి.

మేం ముందు ఆడాం. ఆంబ్రోస్ గారు ఆ రోజు వేరే మనిషి. కొట్టిన మొదటి బంతి సత్రం కప్పు మీద గాలివాలు చూపే రేకు కోడికి తగిలింది, ఆ కోడి మూడు రోజులు దక్షిణమే చూసింది, గాలి ఎటు వీచినా. పడ్డ బంతి పడ్డట్టు కొట్టారు. స్నెల్‌మార్ష్ నాయకుడు గిడియన్ ఫాగ్ పళ్లు కొరుకుతూ బంతులు వేశాడు. ఫాగ్ బీరుకు చేదు పట్టించే హాప్ పూల తోటల ఆసామి, కోపం వస్తే చెవులు ఎర్రబడతాయి. ఆ మధ్యాహ్నం ఆ చెవుల దగ్గర రొట్టె కాల్చుకోవచ్చు. అటుపక్క మావాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోయారు. ఆఖరివాణ్ణిగా నేను దిగాను. అప్పటికి ఆంబ్రోస్ గారివి నలభై ఏడు.

సరిగ్గా అప్పుడే పాదిరిగారు గుడారం ముందు నిలబడి చేతులు ఊపారు. "ఆంబ్రోస్! చాలు! అవుటైపో! వాళ్లను అవుట్ చేయడానికి టైమ్ ఉండాలి కదయ్యా!"

ఆ కేక మాకు వినిపించింది. ఖర్మకొద్దీ ఫాగ్‌కీ వినిపించింది. వాడి చెవులు అప్పటికప్పుడు మామూలు రంగులోకి వచ్చాయి. మా పరుగులను అందుకోవడం తన జట్టు వల్ల కాదని వాడికి తెలుసు. మమ్మల్ని ఏడు దాకా ఆడిస్తే చాలు, ఓటమి తప్పుతుంది.

"తొందరేముందండీ పాదిరిగారూ!" అని అరిచాడు. "ఎండ బాగుంది. మీవాళ్లను ఆడుకోనివ్వండి!"

అక్కడినుంచి జరిగింది మీరు చూసి ఉండరు, ఇక చూడబోరు కూడా. ఫాగ్ బంతిని వికెట్లకు బండి పట్టేంత దూరంలో వేశాడు. వైడ్. మళ్లీ వైడ్. ఓవరుకు నాలుగు బంతులే అప్పట్లో, వైడ్‌లు లెక్కలోకి రావు. ఆ ఓవరు ఇంకా పూర్తి కాలేదేమోనని నాకు ఇప్పటికీ అనుమానం. ఆంబ్రోస్ గారు ఒక బంతిని అందుకుని గాల్లోకి లేపారు, ఎవడో ఒకడు పట్టుకుంటాడని. దానికింద ముగ్గురు నిలబడ్డారు. ముగ్గురూ చేతులు జేబుల్లో పెట్టుకున్నారు.

నేను పరుగెత్తి పిచ్ మధ్యలో కూర్చున్నాను, రనవుట్ చేస్తారని. బంతి పట్టుకున్నవాడు వచ్చి నా పక్కన కూర్చున్నాడు. "లేసు ఊడిందా ఫిల్? నిదానంగా కట్టుకో. మీ ఆవిడ కులాసానా?" అన్నాడు.

ఆంబ్రోస్ గారు ఇక లాభం లేదని, బంతి ఆడబోతూ బ్యాటు వెనక్కి తిప్పి వికెట్లు తానే పడగొట్టి గుడారం వైపు నడిచారు. వాళ్ల అంపైర్ చెయ్యి అడ్డం పెట్టాడు.

"ఎక్కడికండీ?"

"అవుటయ్యాను కదా."

"ఎవరైనా నన్ను అడిగారా? 'హౌజాట్' అని ఎదుటి జట్టు అడిగితేనే నేను చెప్పేది. అడగందే చెప్పను, చెప్పందే తమరు వెళ్లకూడదు. రూలండీ."

"గిడియన్, కళ్లముందే పడ్డాయి కదయ్యా!"

"గాలికి పడ్డాయేమోనండీ," అన్నాడు ఫాగ్. "ఈ మధ్య గాలి ఎక్కువైంది." ఆకు కదలడం లేదు. వాళ్ల కీపర్ వంగి, వికెట్లను మళ్లీ శుభ్రంగా నిలబెట్టి, బెయిల్స్ పెట్టి, మట్టి కూడా దులిపాడు.

ఆంబ్రోస్ గారు తిరిగొచ్చారు. అప్పుడు ఫాగ్ అసలు ఎర వేశాడు. బంతిని మెత్తగా, రొట్టె మీద వెన్న పెట్టినట్టు, నేరుగా బ్యాటు మీదికి వేశాడు. "కొట్టండయ్యా! మూడే కదా కావాల్సింది. మావాళ్లెవరూ అడ్డురారు. యాభై చేసుకుని ఇంటికెళ్లండి. హానరమ్మగారు సంతోషిస్తారు!"

ఆయన కొట్టలేదు. బ్యాటుతో బంతిని కాళ్ల దగ్గరే అణిచి ఆపేశారు. మళ్లీ అలాంటిదే వచ్చింది. మళ్లీ అణిచేశారు. నేను ఆగలేకపోయాను, దగ్గరికి వెళ్లాను.

"అయ్యా, కొట్టేయండి. పరుగులకేం, వాటి మొహాన రాసుంటుందా ఎలా వచ్చాయో?"

"నాకు తెలుస్తుంది కదయ్యా."

"పుస్తకాల్లో వందలు కొట్టించారు! అవేమన్నా నిజమా?"

"అబద్ధం రాసుకోవడానికి ఇంట్లో బోలెడు కాగితం ఉంది ఫిల్. ఇక్కడికొచ్చి కూడా ఎందుకు?"

గుడారం దగ్గర సగంమంది "అవుటవండి!" అని, సగంమంది "కొట్టండి!" అని అరుస్తున్నారు. హానరమ్మ మాత్రం అరవలేదు. రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని ఆయన్నే చూస్తోంది. తీసుకుంటే బిచ్చపు యాభై. తీసుకోకపోతే అవుటవ్వాలి, అదీ కానివ్వరు. చర్చి గడియారం ముల్లు మాత్రం ఎవరి మాటా వినడం లేదు.

ఆంబ్రోస్ గారు టోపీ తీసి తల గోక్కున్నారు. తర్వాత వికెట్ల వెనక ఉన్న కీపర్ వైపు తిరిగారు. వాడు జాబెజ్ కల్మర్, గుర్రపు జీన్లు కుట్టేవాడు. ఇరవై ఏళ్లుగా కీపరు, చేజారిన స్టంపింగ్ ఒక్కటి లేదని వాడే ఊరూరా చాటింపు వేసుకుంటాడు. గొప్పలు చెప్పుకోవడంలో నా తర్వాత వాడే.

"జాబెజ్, కొత్త నవల మొదలుపెట్టాను."

"సంతోషమండీ. మా ఆవిడ పోయినది మూడుసార్లు చదివింది. పక్కింటావిడకి కూడా ఇవ్వలేదు."

"ఇందులో ఒక కీపర్ ఉన్నాడు. బురద నేల ఊరివాడు. జీన్లు కుట్టేవాడు."

కల్మర్ మీసం సర్దుకున్నాడు. "ఆహా. మంచివాడా, చెడ్డవాడా?"

"చెడ్డవాడు కాదు పాపం. చేతకానివాడు."

మీసం మీద చెయ్యి ఆగిపోయింది. "అంటే?"

"హీరో క్రీజు వదిలి ముందుకు నడుస్తాడు. పరుగెత్తడు, నడుస్తాడు. నడిచి పువ్వు కోసుకుంటాడు. వాసన చూస్తాడు. బంతి కీపర్ చేతిలోనే ఉంటుంది. చేతులు వణికిపోతుంటాయి, బెయిల్స్ లేపలేడు. ఆడవాళ్లంతా పకపకా నవ్వుతారు."

"కావాలనే లేపలేదేమోనండీ. నాయకుడు చెప్పి ఉంటాడు!"

"ఆ సంగతి రాయడానికి చోటు లేదయ్యా. అధ్యాయం చిన్నది."

"పేరు... పేరు మారుస్తారు కదండీ?"

"ఎందుకు మార్చను? జాబెజ్ కల్మర్ అని పెడితే బాగుండదు కదా. జేకబ్ కల్మర్ అని పెట్టాను."

కల్మర్ ముఖం సున్నం కొట్టినట్టయింది. అటు మైదానం అంచున వాళ్లావిడ కూర్చుని ఉంది, బుట్ట ఒళ్లో పెట్టుకుని. వాడు ఒకసారి ఆవిడ వైపు చూశాడు.

ఫాగ్‌కు ఈ మాటలు వినపడలేదు. మళ్లీ మెత్తటి బంతి వేశాడు. ఆంబ్రోస్ గారు బ్యాటు చంకలో పెట్టుకుని, బంతిని పక్కనుంచి పోనిచ్చి, క్రీజు దాటి నడవడం మొదలుపెట్టారు. కుంటి మోకాలితో, సాయంత్రం షికారు వెళ్లే ముసలాయనలా. బంతి కల్మర్ చేతిలో పడింది.

"జాబెజ్! ముట్టుకోకు!" ఫాగ్ అరిచాడు.

ఆంబ్రోస్ గారు నా దాకా వచ్చేశారు. "ఫిల్, నీ గుర్రానికి దగ్గు తగ్గిందా?" అన్నారు, వికెట్ల వైపు వీపు పెట్టి.

"తగ్గిందయ్యా, తేనె పట్టించాను" అన్నాను. నా కళ్లు మాత్రం కల్మర్ మీదే ఉన్నాయి. వాడి చేతులు నిజంగానే వణుకుతున్నాయి.

ఆంబ్రోస్ గారు వంగారు. గడ్డిలోంచి ఒక డెయిజీ పువ్వు కోశారు.

"జాబెజ్! ఒరే జాబెజ్! వద్దురా!"

ఆయన పువ్వు ముక్కు దగ్గరికి తెచ్చుకున్నారు. అటు గుడారం దగ్గర ఎవరో ఆడమనిషి కిసుక్కున నవ్వింది.

అంతే. వికెట్లు మూడూ వేళ్లతో సహా లేచాయి. ఒక బెయిల్ ఎగిరి పాదిరిగారి టీ కప్పులో పడింది. "హౌజాట్!" అని కల్మర్ వేసిన కేకకు చర్చి మీది కాకులు లేచి పక్క జిల్లాకు వెళ్లిపోయాయి. వాళ్ల అంపైర్ కూడా రూలు మనిషే, అడిగాక చెప్పక తప్పదు. వేలు పైకెత్తాడు.

ఫాగ్ టోపీ నేలకేసి కొట్టి తొక్కాడు. "సర్వనాశనం చేశావు కదరా!"

"నా వికెట్ల ముందు ఎవడూ పువ్వులు కోయకూడదు" అన్నాడు కల్మర్, ఛాతీ విరుచుకుని. అటు వాళ్లావిడ బుట్ట పక్కనబెట్టి చప్పట్లు కొడుతోంది. ఆ ఒక్క జంట చప్పట్లు తప్ప స్నెల్‌మార్ష్ వైపు శ్మశాన నిశ్శబ్దం.

మిగతాది మీరు ఊహించుకోవచ్చు గానీ, నేను ఉన్నాను కాబట్టి ఊహించుకోనివ్వను. వాళ్లు ఆడటానికి దిగారు. ఆంబ్రోస్ గారు ఆ కుంటి కాలితోనే తన నెమ్మది బంతులు వేశారు. వాళ్లు కొట్టకుండా అడ్డుకుంటే చాలు, గంట కొట్టేస్తుంది. కానీ ఆ బంతి వచ్చేదాకా ఓపిక పట్టడం మనిషన్నవాడికి కష్టం. ఒక్కొక్కడే ఎదురుచూసి ఎదురుచూసి, ఇక ఆగలేక కొట్టి, చేతికి చిక్కి వెళ్లిపోయాడు. ఆఖరికి ఫాగ్ మిగిలాడు. వాడు కూడా ఆగలేదు. కొట్టిన బంతి ఎంత ఎత్తుకు వెళ్లిందంటే, దిగేటప్పటికి తడిసి ఉంది. మబ్బులోకి వెళ్లొచ్చింది మరి. దాన్ని పట్టింది నేనే, ఆ తడి నా చేతులకు తెలుసు. గంట ఏడు కొట్టేసరికి పాదిరిగారు చిన్నపిల్లాడిలా గెంతుతున్నారు.

ఆట ముగిశాక రెండు జట్లూ సత్రంలో కలిసి తినడం మా ఆనవాయితీ. పంది మాంసం కూరిన రొట్టె, ఊరేసిన ఉల్లి, మా బీరు. వాళ్ల బీరు ఎవరూ అడగలేదు. హానరమ్మ తలుపు దగ్గర ఆయన కోటు అందుకుంది.

"మోకాలెలా ఉందండీ?"

"ఉందో లేదో తెలియడం లేదు."

"మూడు పరుగులు తగ్గాయి."

"తగ్గాయి," అన్నారాయన. ఒక్క క్షణం ముఖం చిన్నబోయింది, దాచుకోలేదు. తర్వాత అన్నారు, "కానీ ఆ నలభై ఏడూ గిడియన్ చెవులు ఎర్రగా ఉన్నప్పటివే హానర్. ఒక్కటి కూడా చల్లబడ్డాక చేసింది కాదు."

ఆవిడ నవ్వేసి, కోటుకి అంటుకున్న గడ్డి తీసింది. "పదకొండు పుస్తకాల్లో మీ కుర్రాళ్లు ఎవరూ ఇంత బాగా ఆడలేదు. నిజం చెబుతున్నాను, అన్నీ నేనేగా ముందు చదివేది."

అప్పుడు కల్మర్ వచ్చాడు, చేతిలో గ్లాసుతో. ఫాగ్ వాడితో మాట్లాడటం లేదు, వాడికి దాని బాధ పెద్దగా ఉన్నట్టు లేదు.

"అయ్యా, ఆ నవల. కీపరు..."

"ఉంటాడు జాబెజ్. ఇప్పుడు కథ మారింది. ఇంగ్లండ్‌లోకెల్లా గొప్ప కీపరు. హీరోనే అవుట్ చేస్తాడు."

"పేరు?"

"జాబెజ్ కల్మర్. అక్షరం కూడా మార్చను."

కల్మర్ గ్లాసు సగం ఖాళీ చేసి మూతి తుడుచుకున్నాడు. "హీరో ఎన్ని పరుగుల దగ్గర ఉండగా అవుట్ చేస్తానండీ?"

"నలభై ఏడు."

"తొంభై ఏడు పెట్టకూడదా? నలభై ఏడు దగ్గర అవుట్ చేయడంలో గొప్పేముందండీ నాకు?"

సత్రం అంతా గొల్లుమంది. అందరికంటే ముందు నవ్వింది ఆంబ్రోస్ గారే. కానీ తల అడ్డంగా ఊపారు. "లేదయ్యా. నలభై ఏడే."

ఆ తర్వాతి వేసవి ఆయన బ్యాటు పట్టలేదు. పన్నెండో నవల రాశారు. లండన్‌లో పుస్తకాలు అచ్చువేసే ఆయన కబురు పంపాడట, "హీరో నలభై ఏడుకే అవుటవ్వడం ఏమిటి, పాఠకులు ఊరుకోరు, ఎప్పటిలాగే వంద చేయండి" అని. వందలు కావాలంటే వెనకటి పదకొండు పుస్తకాల్లో ఉన్నాయనీ, వాటిలోంచి తీసుకొమ్మనీ ఆంబ్రోస్ గారు జవాబు పంపారు. ఆ జవాబు పట్నంలో టపాకు వేసింది నేనే, దారిలో కవరు చింపి చదివానని అనుకోకండి, అంటించకుండా నా చేతికిచ్చారు.

పుస్తకం వచ్చింది. అందులో కూడా పిల్ల తండ్రి టోపీ విసిరాడు, పెళ్లికి ఒప్పుకున్నాడు. నలభై ఏడు సరిపోయాయి.